సొరంగములో సంసారము

గృహమనగా గ్రహించునది, మనుష్యుని జేకొనునది యని మా గురువులు చెప్పెడివారు. ఐశ్వర్యమునకు బేరొందిన న్యూయార్కు నగరమున నొకకాలమున గొందఱిని జేకొన్నది మేడలు గావు, రైలు సొరంగము.

హడ్సన్ నదియొడ్డున రివర్‌సైడ్ ఉద్యానవనము క్రింద రెండున్నర మైళ్ల సొరంగ మొకటి కలదు. 1930 తరువాతి ఆర్థికమాంద్య దినములలో నిరుద్యోగులును, మొదటి మహాయుద్ధమునుండి తిరిగివచ్చిన సైనికులును ఆ యొడ్డున చెక్కలతో, రేకులతో గుడిసెలు వేసికొనిరి. 1934లో ఉద్యానవనాధికారి రాబర్టు మోజెస్ వానిని దొలగించి, 1937 నాటికి రైలుపట్టాలపై గప్పు వేయించి వనమును విస్తరింపజేసెను. 1980 ప్రాంతమున నందు సామానుబండ్లు నిలిచిపోయెను. గుడిసెలను బెఱికివైచిన చోటి క్రిందికే అర్ధశతాబ్దికి బిమ్మట నిరాశ్రయులు మఱల వచ్చి చేరిరి.

ఏల చేరిరి? చవుక యద్దెగదులు వేలకొలది పడగొట్టబడెను; కొన్ని ధనికుల నివాసములయ్యెను. మానసిక వైద్యశాలలు రోగులను బంపివేసెనే గాని, వారు తలదాచుకొను చోటు చూపలేదు. 1979లో నొక న్యాయవాది వ్యాజ్యము వేయగా, కోరిన ప్రతి నిరాశ్రయ పురుషునకును శయ్య నిత్తుమని 1981లో నగరమువా రంగీకరించిరి. ఇది గొప్ప సంస్కరణమే. కాని కవాతుశాలలలో వందలకొలది మంచములు వరుసగా వేసి, పని తీఱినదనుకొనిరి. దొంగతనములకును గొట్లాటలకును వెఱచి పలువు రా వెలుగుకంటె సొరంగపు జీకటియే మేలనిరి.

వారు సోమరులు, మత్తుమందులకు దాసులు కారా యని చదువరు లడుగవచ్చును. మత్తునకు లోబడినవారు పలువురు గలరు, దాచనక్కఱలేదు. అయినను వారే వీథులలో ఖాళీడబ్బా లేఱి, యొక్కొక్కటి అయిదు సెంట్లకు మార్చుకొనిరి. చెక్కగదులు కట్టి, తాళములు వేసి, వంట వండుకొని, కుక్కలను బెంచిరి. లోకులు మాత్రము కలుగులలోని జంతువుల పేరు వారికి బెట్టిరి. పేరు మృగమున దయితే దయ తగ్గుట సులభము గదా!

1991లో ప్రయాణికుల రైళ్లు ఆ త్రోవన నడువసాగెను. వాసులను వెడలగొట్ట బూనినపుడు, నిరాశ్రయుల పక్షమున బనిచేయువారి యత్నమున గేంద్రప్రభుత్వము అద్దెసహాయ పత్రముల నిచ్చెను. పలువురు నిజమైన యిండ్లకు బోయిరి. మార్క్ సింగర్ వారితో గలిసి నివసించి, వారినే పనివారుగా జేసికొని తీసిన ‘డార్క్ డేస్’ అను చలనచిత్రము 2000లో వెలువడెను. అందు వారు తమ గుడిసెలను దామే సుత్తెలతో, నవ్వుచు గూలగొట్టుట చూడగలము.

ఆ నవ్వే మన ప్రశ్నకు సమాధానము. ఇల్లు వలదన్నవారని లోకము నిందించిన యా జనులు, నిజమైన యిల్లు చూపినంతనే చీకటిని విడిచిరి. పంచిన మంచముల లెక్కతో ధర్మమును గొలువరాదు. తలుపు మూసికొను హక్కును, తెఱచి యొకరిని బిలుచు గౌరవమును గలిగినచోటనే మనుష్యుని గృహము చేకొన్నదనవలెను.