ఫ్రాన్సు టెలివిజనులో తొలి నటి

క్రొత్త యంత్రము పుట్టినప్పుడు దానిని నిర్మించినవాని పేరును, ప్రోత్సహించిన యధికారి పేరును చరిత్ర వ్రాసికొనును. దాని యెదుట తొలుత నిలిచి పలికినవారి పేరు తరచుగా మరుగున పడును. నేడు పల్లెపల్లెకు చేరిన టెలివిజను ఫ్రాన్సు దేశమున ప్రారంభమైన నాడు అట్లు నిలిచిన నటి బెయాత్రీస్ బ్రెట్టీ.

1893లో జన్మించిన యీమె ప్యారిసు నగరమందలి కొమెదీ ఫ్రాన్సేజ్ అను ప్రాచీన నాటకశాలకు చెందినది. ఆ నాటకశాల 1680లో స్థాపింపబడెను. పదునేడవ శతాబ్దపు హాస్యనాటకకర్త మోలియేరు సృష్టించిన దాసీపాత్రలను ధరించుటలో బ్రెట్టీ పేరు గాంచెను. యజమాని తప్పుత్రోవ త్రొక్కినచో ఆ దాసీలు మొగముమీదనే చెప్పుదురు. నాయికకు వచ్చు కీర్తి వారికి రాదు; కాని వారు లేక ఆ నాటకములు నడువవు.

1935 ఏప్రిలు 26వ తేదీ రాత్రి గ్రెనెల్ వీధిలోని తపాలాశాఖ భవనమునుండి తొలి ప్రభుత్వ ప్రసారము జరిగెను. యంత్రనిపుణుడు రెనే బార్తెలెమీ. శాఖామంత్రి జార్జి మాండెల్. బ్రెట్టీ యంత్రము ముందునకు వచ్చి, తమ నాటకసమాజము ఇటలీలో గావించిన యాత్రను వర్ణించెను. బొమ్మకు 60 గీతలు మాత్రమే. అరువది బద్దల తడికపై మనుష్యుని ముఖమును చిత్రించిన నెంత స్పష్టముగా నుండునో ఊహింపుడు! చూచినవారు కొలదిమంది. ఆ సంవత్సరము నవంబరులోనే 180 గీతల బొమ్మ వచ్చి, మొదటిదానిని పాతదిగా చేసెను. 1939లో యుద్ధము రాగా ప్రసారములే ఆగిపోయెను.

బ్రెట్టీ మాండెలునకు సహచరి. మంత్రికి ఆప్తురాలగుటచేతనే ఆ యవకాశము లభించెనని యనుకొనువారు ఉండవచ్చును. అది యెట్లున్నను, ఆ యాప్తత యెట్టిదో తరువాతి కాలము పరీక్షించెను.

మాండెల్ యూదుడు, 1940లో జర్మనులకు లొంగరాదని పట్టుబట్టినవాడు. ఆ జూను నెలలో అతడు మసీలియా యను ఓడపై మొరాకోకు పోగా, బ్రెట్టీ అతనిని, అతని కుమార్తెను వెన్నంటి వెళ్లెను. పిదప అతడు చెరపాలయ్యెను. 1942 నవంబరులో జర్మనుల చేతికి చిక్కెను. 1944 జూలై 7వ తేదీన ఫాంతెన్‌బ్లో అడవిలో, జర్మనులతో చేయికలిపిన ఫ్రెంచి సాయుధదళమువారు అతనిని వధించిరి. పదవి పోయినవానిని పలుకరించుటకే లోకులు జంకిన దినములలో, బ్రెట్టీ రంగస్థలము విడిచి అతని పక్షముననే నిలిచెను. యుద్ధానంతరము మరల నాటకశాలకు వచ్చి నటించెను. 1982లో మరణించెను.

యంత్రము ముందు ఆమె పలికినది కొన్ని నిమిషములు. ఆపదలో ఆమె చూపిన నిష్ఠ నాలుగేండ్లు. తొలి ప్రసారము చేసినదని ఆమెను స్మరించువారు, రెండవదానిని గూడ స్మరించుట న్యాయము.