పాలెగాడు, జమీందారు, బందిపోటు: చిత్తూరు కొండసీమలో కంపెనీ పాలన తొలి సంవత్సరాలు

లక్ష్యాలు

ఈ పాఠ్యభాగం చదివిన తరువాత మీరు:
• పాలెగాళ్ల వ్యవస్థ స్వరూపాన్ని వివరించగలుగుతారు.
• 1800–1805 మధ్య కొందరు పాలెగాళ్లు జమీందారులుగా, కొందరు తిరుగుబాటుదారులుగా మారడానికి కారణాలు చెప్పగలుగుతారు.
• ప్రభుత్వ పత్రాల్లో కనిపించే 'దొంగ', 'బందిపోటు', 'ఫితూరీదారు' వంటి మాటలను విమర్శనాత్మకంగా చదవగలుగుతారు.

ఉపోద్ఘాతం

ముందుగా ఒక పటం దగ్గర పెట్టుకొని అందులో వడమాలపేటను గుర్తించండి. తిరుపతి నుంచి పుత్తూరు పోయే దారిలో అది కనిపిస్తుంది. అక్కడి నుంచి ఆగ్నేయంగా పోతే పుత్తూరు, నారాయణవనం, వాటికి పడమటి వైపున కార్వేటినగరం వస్తాయి. వెనక్కు తిరిగి పడమటి దిక్కుగా తిరుపతి, చంద్రగిరి దాటి పోతే పాకాల, మొగరాల, పులిచెర్ల, కల్లూరు ప్రాంతాల కొండలూ కనుమలూ మొదలవుతాయి. ఈ రెండు దిక్కులనూ ఈనాడు ఒక్క రోజులో బస్సులో చూసి రావచ్చు.

1800 నాటికి ఈ రెండు వైపులా ఊళ్ల మీద అధికారం చలాయించినవారు పాలెగాళ్లే. అయిదారేళ్లు గడిచేసరికి పరిస్థితి పూర్తిగా మారిపోయింది. కార్వేటినగరం పాలెగాడు చేతిలో సనదు ఉన్న జమీందారు అయ్యాడు. పడమటి కొండల పాలెగాళ్లలో పలువురు కంపెనీ సైన్యం వెంటాడుతుంటే అడవి పట్టిన తిరుగుబాటుదారులయ్యారు. పుట్టుకలో, వృత్తిలో, ఆయుధాలలో వీరి మధ్య అంత పెద్ద తేడా ఏమీ లేదు. మరి ఒకరు దొర, మరొకరు దొంగ ఎలా అయ్యారు? ఈ పాఠంలో మనం వెతుకుతున్న జవాబు ఈ ప్రశ్నకే.

పాలెగాడు అంటే ఎవరు?

'పాళెము' అంటే సైన్యం విడిది చేసిన చోటు. ఆ పాళేనికి అధిపతి పాళెగాడు, వాడుకలో పాలెగాడు. విజయనగర రాజుల కాలంలో కొండ దారులూ అడవులూ ఉన్న ప్రాంతాలను కాపాడడానికి, యుద్ధ సమయంలో బంట్లను పంపడానికి ఈ నాయకులకు గ్రామాలు అప్పగించారు. విజయనగరం బలహీనపడ్డాక గోల్కొండ, బీజాపూరు సుల్తానులు, మొగలులు, ఆర్కాటు నవాబులు, మైసూరు పాలకులు ఒకరి తరువాత ఒకరు వచ్చారు. పైన ప్రభువు మారినా కింద పాలెగాడు చాలాచోట్ల మారలేదు.

అతనికి మూడు విధులు ఉండేవి. మొదటిది, పై ప్రభువుకు పేష్కషు (కప్పం) చెల్లించడం. రెండవది, అడిగినప్పుడు సైన్యంతో పోవడం. మూడవది కావలి. గ్రామాల్లో, దారుల్లో దొంగతనం జరిగితే సొత్తు పట్టి ఇవ్వాలి. పట్టలేకపోతే నష్టపరిహారం కట్టుకోవాలి. ఇందుకోసం అతని కింద కట్టుబడి బంట్లు ఉండేవారు. వీరికి జీతానికి బదులు మాన్యం భూములు ఉండేవి. రైతులు, వర్తకులు కావలి కింద రుసుము ఇచ్చుకొనేవారు.

ఈ మూడవ విధిని బాగా గుర్తుపెట్టుకోండి. తరువాతి కాలంలో 'దొంగ' అనిపించుకొన్న ఈ మనిషి అసలు ఉద్యోగం దొంగలను పట్టడమే.

కొండ ఎందుకు ముఖ్యం?

కర్ణాటక పీఠభూమి నుంచి కింది మైదానానికి దిగే దారులు ఈ సీమలో ఉన్నాయి. 1740 మే నెలలో రఘూజీ భోంస్లే నాయకత్వంలో మరాఠా సైన్యం దామలచెరువు కనుమ దగ్గర ఆర్కాటు నవాబు దోస్త్ అలీని ఓడించి చంపింది. ఆ దామలచెరువు మీరు పటంలో చూసిన పాకాల పక్కనే ఉంది. హైదర్ అలీ కంపెనీతో రెండవ యుద్ధం సాగుతుండగా 1782 డిసెంబరు 7న కన్నుమూసింది కూడా చిత్తూరు సమీపంలోని నరసింగరాయనిపేట విడిదిలోనే.

అంటే ఇది రెండు రాజ్యాల సరిహద్దు. కనుమ ఎవరి చేతిలో ఉంటే సైన్యానికి దారి వారి చేతిలో ఉన్నట్టే. మైసూరు, ఆర్కాటు పోట్లాడుకొన్నంత కాలం ఇరుపక్షాలకూ కొండ పాలెగాడు అవసరమయ్యాడు. పేష్కషు ఒక ఏడు ఎగ్గొట్టినా చూసీచూడనట్టు ఊరుకొన్నారు. 1799 మే నెలలో శ్రీరంగపట్నంలో టిప్పు సుల్తాను మరణించడంతో ఆ సరిహద్దుకు అర్థం లేకుండా పోయింది. ఇద్దరు బలవంతుల మధ్య నిలబడి బతికినవాడికి ఇప్పుడు ఒక్క బలవంతుడే మిగిలాడు.

రెండు ఒప్పందాలు, రెండు దారులు

1800 అక్టోబరులో నిజాం బళ్లారి, అనంతపురం, కడప, కర్నూలు ప్రాంతాలను కంపెనీకి దత్తం చేశాడు. ఆ దత్తమండలాలకు ప్రధాన కలెక్టరుగా థామస్ మన్రో వచ్చాడు. అక్కడ ఎనభై మంది పాలెగాళ్లు, వారి కింద సుమారు ముప్పై వేల మంది సాయుధులు ఉన్నారన్నది ఆనాటి అంచనా. 1801 జూలై 31న ఆర్కాటు నవాబుతో కుదిరిన ఒప్పందం వల్ల చిత్తూరు, తిరుపతి ప్రాంతాలు కూడా కంపెనీ పాలనలోకి వచ్చాయి. ఈ రెండు ఒప్పందాల్లోనూ పాలెగాళ్లను అడిగినవారు లేరు.

కంపెనీ కోరినవి ప్రధానంగా మూడు: క్రమం తప్పని సొమ్ము, ఆయుధాల అప్పగింత, కావలి అధికారాన్ని వదులుకోవడం. ఈ కోరికలు అందరికీ ఒకే రూపంలో చేరలేదు.

వెంకటగిరి, కాళహస్తి, సైదాపురం, కార్వేటినగరం సంస్థానాలను కంపెనీ 'పడమటి పాలేలు' అని వ్యవహరించింది. ఇవి విశాలమైనవి, వీటికి మైదానంలో పండే భూములు ఉన్నాయి. వీటితో 1802లో శాశ్వత శిస్తు ఒప్పందం జరిగింది. అంతవరకు చేస్తున్న సైనిక సేవకు బదులు సొమ్ము లెక్కగట్టి పేష్కషును శాశ్వతంగా నిర్ణయించారు. అదే ఏడు వచ్చిన 25వ రెగ్యులేషన్ జమీందారీ హక్కును చట్టంగా చేసింది. పాలెగాడు కత్తి కింద పెట్టాడు. కంపెనీ అతనికి భూమి మీద హక్కు రాసి ఇచ్చింది.

పడమటి కొండల్లోని చిన్న పాలేలను 'చిత్తూరు పాలేలు' అన్నారు. నరగంటి, కల్లూరు, పులిచెర్ల, పాకాల, మొగరాల, బంగారి వంటివి వీటిలో ఉన్నాయి. (పేర్లు ఒకేలా ఉన్నా 'పడమటి పాలేలు' వేరు, 'చిత్తూరు పాలేలు' వేరు. పరీక్షలో చాలామంది పొరపడేది ఇక్కడే.) వీటి ఆదాయంలో పంట కంటే కావలి రుసుముల వాటా ఎక్కువ. కావలి తీసేస్తే పాలెగాడికి మిగిలేది రాతి నేల. పైగా పేష్కషు పెంచాలన్న ఒత్తిడి వచ్చింది. జమీందారు కావడానికి కావలసిన పెట్టుబడి అతని దగ్గర లేదు. అతనికి ఉన్న ఆస్తి కొండ, బంట్లు. కంపెనీ వదులుకోమన్నది సరిగ్గా వాటినే.

మీ ప్రగతిని పరీక్షించుకోండి: కార్వేటినగరం పాలెగాడికి లాభసాటిగా కనిపించిన ఒప్పందం మొగరాల పాలెగాడికి ఎందుకు అలా కనిపించలేదు? మీ సొంత మాటల్లో అయిదు వాక్యాలు రాయండి.

1804: కొండ పోరు

1804లో చిత్తూరు పాలేల్లో తిరుగుబాటు మొదలయింది. అప్పుడు మద్రాసు గవర్నరు విలియం బెంటింక్. కంపెనీ సైన్యాన్ని పంపింది. పాలెగాళ్లు ఎదురు నిలిచి మైదాన యుద్ధం చేయలేదు, చేయగలిగినవారూ కాదు. ముళ్లపొదలు కట్టుదిట్టంగా పెంచిన కోటలు, కొద్దిమందితో అడ్డుకోగల ఇరుకు దారులు, దారి తెలిసిన బంట్లు, ఇవే వారి బలం. కోట పోతే అడవిలోకి పోవడం, సైన్యం వెనుదిరిగితే మళ్లీ దిగిరావడం వారి పద్ధతి.

దీనికి కంపెనీ కనిపెట్టిన విరుగుడు తుపాకి ఒక్కటే కాదు. కోటలను కూలగొట్టారు, అడవి నరికి దారులు వేశారు, పాలేలను స్వాధీనం చేసుకొని శిస్తును నేరుగా వసూలు చేశారు. అడవి పట్టినవాడికి ఊరినుంచి అన్నం అందకుండా చేయడమే ఈ విధానం సారం. 1805 దాటేసరికి ప్రతిఘటన అణగిపోయింది. తరువాత కాలంలో కొన్ని పాలేలను ఆయా కుటుంబాలకు తిరిగి ఇచ్చారు; కొన్ని శాశ్వతంగా ప్రభుత్వ భూమిలో కలిసిపోయాయి. తిరిగి పొందినవారు కూడా కోట లేని, కావలి లేని పాలెగాళ్లు.

ఇది చిత్తూరుకే పరిమితమైన కథ కాదు. తమిళ దేశంలో తెలుగు మూలాలున్న పాంచాలంకురిచ్చి పాలెగాడు వీరపాండ్య కట్టబొమ్మన్‌ను 1799 అక్టోబరు 16న కయత్తారులో ఉరి తీశారు. శివగంగకు చెందిన మరుదు సోదరులను 1801 అక్టోబరులో ఉరి తీశారు. ఆ ఏడు డిసెంబరులోనే దక్షిణాది పాలెగాళ్లు ఆయుధాలు అప్పగించాలని మద్రాసు ప్రభుత్వం ప్రకటన జారీ చేసింది. దత్తమండలాల్లో మన్రో పాలెగాళ్లను తొలగించిన తీరు మరీ కఠినంగా ఉందని లండన్‌లోని కంపెనీ డైరెక్టర్లే 1804లో ఆక్షేపించారు. మన్రో స్వదేశమైన స్కాట్లాండులో కూడా 1746 తిరుగుబాటు ఓటమి తరువాత కొండ నాయకుల ఆయుధాలనూ వంశపారంపర్య న్యాయాధికారాలనూ చట్టం ద్వారా తీసేశారు. కొండ మీది చిన్న నాయకుణ్ణి లొంగదీయడం ఆ పాలకులకు కొత్త పని కాదని దీన్నిబట్టి గ్రహించవచ్చు.

పేరు పెట్టినవాడు ఎవడు?

ఇక ఈ పాఠంలో అన్నిటికంటే ముఖ్యమైన విషయానికి వద్దాం. 1803లో ఒక పాలెగాడి బంట్లు బాటసారుల దగ్గర రుసుము వసూలు చేశారనుకోండి. పాలెగాడి దృష్టిలో అది తాతల నాటి కావలి హక్కు. కలెక్టరు దృష్టిలో అది దారిదోపిడి. చేసిన పని ఒక్కటే, మారినది చట్టం. మనకు మిగిలిన పత్రాలు ఎక్కువగా కలెక్టరు కచేరీలో రాసినవి. కాబట్టి వాటిలో 'దొంగలు' అని కనిపించినప్పుడు రెండు ప్రశ్నలు వేసుకోండి: ఈ మాట రాసింది ఎవరు? నిన్నటిదాకా ఇదే పనిని ఏ పేరుతో పిలిచారు?

గ్రీసు దేశ చరిత్రలో దీనికి దగ్గరి పోలిక ఉంది. ఒట్టోమాన్ పాలకులు అక్కడి కొండ కనుమల కాపలాకు స్థానికులైన సాయుధులను నియమించేవారు. కొలువు పోయినవాళ్లు కొండెక్కి దోపిడీలు చేసేవారు. వారిని 'క్లెఫ్టులు', అంటే దొంగలు, అనేవారు. పదేపదే ఆ మనుషులే ఇటు నుంచి అటు, అటు నుంచి ఇటు మారేవారు. 1821లో స్వాతంత్ర్య యుద్ధం మొదలయ్యాక ఆ 'దొంగ' అనే మాటే గౌరవ పదం అయింది.

అయితే ఒక జాగ్రత్త అవసరం. కచేరీ పత్రాన్ని అనుమానించినంత మాత్రాన పాలెగాళ్లందరినీ స్వాతంత్ర్య వీరులుగా నిలబెట్టడం చరిత్ర కాదు. రైతు వైపు నుంచి చూడండి. కావలి రుసుము తీసుకొని కాపాడిన పాలెగాళ్లూ ఉన్నారు. కాపాడకుండానే పిండుకొన్నవారూ ఉన్నారు. పాలెగాళ్ల మధ్య పోట్లాటల్లో తగలబడినవి రైతు గడ్డివాములే. మరోవైపు, కంపెనీ వచ్చాక శిస్తు గడువు తప్పకుండా కట్టవలసి రావడం రైతుకు కొత్త భారం. ఒక పీడ పోయి ఇంకొక పీడ వచ్చిందనుకొన్న రైతు రాసిన పత్రం మనకు దొరకదు. ఆ ఖాళీని గుర్తించడం కూడా చరిత్ర చదవడంలో భాగమే.

తరువాతి అధ్యాయం

పాలేలు పోయినా ఆ జ్ఞాపకం పోలేదు. నొస్సం పాలెగాడు జయరామిరెడ్డి మనుమడు ఉయ్యాలవాడ నరసింహారెడ్డికి కంపెనీ ఇచ్చిన భరణం నెలకు సుమారు 11 రూపాయలు. కట్టుబడి మాన్యాలు కోల్పోతున్న బంట్లు ఆయన చుట్టూ చేరారు. 1846 జూలైలో కోవెలకుంట్ల ఖజానా మీద దాడి జరిగింది. నల్లమల కొండల్లో వెంటాడి అక్టోబరులో ఆయనను పట్టుకొన్నారు. 1847 ఫిబ్రవరి 22న కోవెలకుంట్లలో ఉరి తీసి, తలను 1877 దాకా కోట గుమ్మానికి వేలాడదీశారు. ముప్పై ఏళ్లు ఒక తలను ప్రదర్శించవలసి వచ్చిందంటే, పాలకులకు ఆ పేరంటే ఎంత భయమో ఊహించండి. కచేరీ పత్రంలో ఆయన తిరుగుబాటు చేసిన నేరస్థుడు. సీమ పల్లెల పాటల్లో రెడ్డి వీరుడు.

విచిత్రమేమంటే, పాలెగాళ్లను తొలగించిన మన్రోను కూడా ఈ సీమ మరచిపోలేదు. 1827లో పత్తికొండలో కలరాతో మరణించిన ఆయన పేరు తిరుమలలో 'మన్రో గంగాళం' రూపంలో ఇప్పటికీ వినిపిస్తుంది. ప్రజల జ్ఞాపకం ప్రభుత్వ దస్త్రంలా ఒకే గడిలో ఒకే మనిషిని పెట్టదు.

సారాంశం

పాలెగాళ్ల వ్యవస్థ సరిహద్దు అవసరాల మీద నిలబడింది. 1799 తరువాత ఆ అవసరం తీరిపోయింది. మైదాన భూములున్న పెద్ద పాలెగాళ్లకు కంపెనీ ఆయుధాలకు బదులు భూమి హక్కు ఇచ్చింది; కావలి మీద బతికిన కొండ పాలెగాళ్లకు బదులు ఇవ్వడానికి ఏమీ లేకపోయింది. కనుక 1804 తిరుగుబాటును కేవలం నేరంగానో, కేవలం దేశభక్తిగానో చూడడం సరిపోదు. బతుకుతెరువునూ పరువునూ ఒకేసారి పోగొట్టుకొన్న వర్గం చివరి ప్రయత్నం అది. 'జమీందారు', 'బందిపోటు' అన్నవి ఆ మనుషుల స్వభావాలు కావు. ఒప్పందం కుదిరిందా లేదా అన్నదాన్నిబట్టి వచ్చిన పేర్లు.

నమూనా ప్రశ్నలు

1. పాలెగాడి విధులను వివరించి, వాటిలో కావలి ప్రాధాన్యాన్ని చర్చించండి. (30 పంక్తులు)
2. 1802 శాశ్వత శిస్తు ఒప్పందం పడమటి పాలేల మీద, చిత్తూరు పాలేల పరిస్థితితో పోలిస్తే, ఎలాంటి ప్రభావం చూపింది? (30 పంక్తులు)
3. మీ ఊరిలో గానీ పక్క ఊరిలో గానీ కోట దిబ్బ, బురుజు, 'పాలెం' అనే పేరున్న వీధి ఉంటే పెద్దవారిని అడిగి దాని కథ రాసుకోండి. ఆ కథ ఎవరి వైపు నుంచి చెప్పినదో గుర్తించండి. (10 పంక్తులు)