హస్తవాసికి లెక్కలు

ఆపరేషన్ అనగానే మనవాళ్ళు ముందు ఆరా తీసేది డాక్టరు హస్తవాసి గురించే. చెప్పేవాళ్ళకీ కొదవుండదు. మేనమామ తోడల్లుడికి ఆయనే బైపాస్ చేశాడట, ఆరు నెలలు తిరక్కుండానే తిరుమల మెట్లెక్కాడట! "మీకేం, అమెరికాలో అన్నీ కాగితాల మీద ఉంటాయి" అంటారు ఫోనులో చుట్టాలు. ఉన్న మాట నిజమే. అవి జనం కంటపడటానికి ఎంత పట్టిందో చెబితే నమ్మరు.

నూరేళ్ళ కిందట బోస్టన్‌లో ఎర్నెస్ట్ ఆమొరీ కాడ్‌మన్ అనే సర్జన్ ఉండేవాడు. మసాచుసెట్స్ జనరల్ ఆస్పత్రిలో కొలువు. ప్రతి రోగికీ ఒక కార్డు రాయాలని ఆయన పట్టు. ఏ జబ్బుతో వచ్చాడు, మనం ఏం చేశాం, ఏడాది తర్వాత ఎలా ఉన్నాడు, నయం కాకపోతే లోపం ఎక్కడుంది? ఆ ఫలితాలు అచ్చువేయాలి, పదోన్నతులు సీనియారిటీని బట్టి కాక వాటిని బట్టే ఇవ్వాలి అన్నాడు. పెద్దలు ఒప్పుకోలేదు. 1914లో రాజీనామా చేశాడు. చేసి ఊరుకోలేదు, నా ఫలితాలే మెరుగు గనుక నన్నే ప్రధాన సర్జన్‌గా వేయండని అర్జీ పెట్టాడు! మరుసటి ఏడు వైద్యుల సభలో ఒక పెద్ద కార్టూన్ తెర తీసి చూపించాడు. అందులో ఊళ్ళోని ధనికులు ఇసుకలో తల దూర్చిన నిప్పుకోడి. అది వెనక్కి తన్నే బంగారు గుడ్లు ఏరుకునేది డాక్టర్లు. ఆ దెబ్బతో వైద్య సంఘంలో ఆయన పదవి కూడా పోయింది.

సొంతంగా పెట్టుకున్న చిన్న ఆస్పత్రిలో మాత్రం అన్నమాట నిలబెట్టుకున్నాడు. 1911 నుంచి 1916 వరకు డిశ్చార్జి చేసిన 337 మంది రోగుల వివరాలూ, తమవల్ల జరిగిన 123 పొరపాట్లూ స్వయంగా అచ్చువేశాడు. అంత బాహాటంగా తన తప్పులు ఒప్పుకున్న డాక్టరు గురించి నేను ఇంకెక్కడా చదవలేదు. 1940లో పోయాడు. సమాధి మీద పేరు చెక్కిన రాయి పడింది 2014లో.

ఆయన గొడవ పూర్తిగా వృథా పోలేదు. అమెరికన్ కాలేజ్ ఆఫ్ సర్జన్స్ ఆస్పత్రులకు కొన్ని కనీస ప్రమాణాలు పెట్టింది. రోగి రికార్డు రాయడం, ల్యాబూ ఎక్స్‌రే ఉండటం, డాక్టర్లు కూర్చుని కేసులు సమీక్షించుకోవడం, అంతే. నూరు పడకలకు తగ్గని 692 ఆస్పత్రుల్ని పరిశీలిస్తే 89 మాత్రమే నెగ్గాయి. 1919లో న్యూయార్కులో ఈ అంకెలు ప్రకటించారు. ఏ ఆస్పత్రులు తప్పాయో చెప్పే జాబితాను మాత్రం ఆ సమావేశం జరిగిన హోటల్ కొలిమిలోనే తగలబెట్టారు. వాటిలో గొప్ప పేరున్నవి చాలా ఉన్నాయి మరి.

ఆ తర్వాత అర్ధ శతాబ్దం పెద్దగా కదలిక లేదు. 1971లో, కార్ల కంపెనీలతో తలపడిన లాయరు రాల్ఫ్ నేడర్, డాక్టర్ సిడ్నీ వుల్ఫ్ కలిసి వినియోగదారుల తరఫున ఒక ఆరోగ్య పరిశోధన బృందం పెట్టారు. 1974లో మేరీలాండ్‌లోని ఒక కౌంటీ డాక్టర్ల వివరాలు పుస్తకంగా తెచ్చారు. ఫీజెంత, ఎక్కడ చదివారు లాంటి సంగతులే. దానికే వైద్య సంఘం భగ్గుమంది. 1990లో కేంద్ర ప్రభుత్వం, పరిహారం చెల్లించిన, శిక్ష పడిన డాక్టర్లందరి చిట్టా తెరిచింది. అది ఆస్పత్రులు చూడొచ్చు, రోగి చూడకూడదు. ఇప్పటికీ అంతే! ఆ ఏడాదే వుల్ఫ్ బృందం, క్రమశిక్షణ చర్యలకు గురైన డాక్టర్ల పేర్లు తనే పోగుచేసి ప్రచురించింది.

అసలు మలుపు న్యూయార్కు రాష్ట్రంలో వచ్చింది. బైపాస్ చేయించుకున్న వాళ్ళలో ఎందరు పోతున్నారో 1989 నుంచి అక్కడి ఆరోగ్యశాఖ లెక్కగట్టింది. వయసు, గుండె బలం, ఇతర జబ్బులు, అత్యవసరంగా చేశారా లేదా అన్నీ చూసి సర్దుబాటు చేసిన లెక్క అది. లేకపోతే కష్టమైన కేసులు తీసుకునే డాక్టరే అందరికంటే చెడ్డవాడిగా తేలతాడు. (1986లో కేంద్రం ఆస్పత్రుల మరణాల పట్టిక విడుదల చేస్తే, ఆఖరి ఘడియల్లో ఉన్నవాళ్ళను చేర్చుకునే ఒక సేవాసదనం అన్నిటికంటే అధ్వానంగా తేలింది!) ఆరోగ్యశాఖ ఆస్పత్రుల అంకెలు బయటపెట్టి, సర్జన్ల పేర్లు దాచింది. న్యూస్‌డే పత్రిక కోర్టుకెక్కి గెలిచి, 1991 డిసెంబరులో పేర్లతో సహా అచ్చువేసింది.

నేనుండే ఆల్బనీలోని సెయింట్ పీటర్స్ ఆస్పత్రి కథ ఇక్కడ చెప్పాలి. ఆ పట్టికలో వెనకబడటంతో అక్కడి సర్జన్లు తమ రికార్డులు తిరగేశారు. మామూలు కేసుల్లో లోటేమీ లేదు. అత్యవసరంగా వచ్చిన వాళ్ళే పోతున్నారు, 1992లో 42 మందిలో 11 మంది. గుండెపోటుతో వచ్చినవాణ్ణి కాస్త కుదుటపరచకుండానే బల్ల ఎక్కిస్తున్నారని తేలింది. ముందు నిలకడ, ఆ తర్వాతే కోత అని పద్ధతి మార్చారు. 1993లో అలా వచ్చిన 54 మందిలో ఒక్కరూ పోలేదు. మొదటి నుంచీ ఆ రికార్డులు ఉన్నవి వాళ్ళ బీరువాలోనే.

రాష్ట్రం మొత్తంమీద, అలా సర్దుబాటు చేసిన మరణాల రేటు 1989లో 4.17 శాతం ఉండగా, 1992 నాటికి 2.45కు దిగింది. ఏడాదికి ఏ కొన్నో ఆపరేషన్లు చేసే సర్జన్లు 27 మంది ఆ పని మానుకున్నారు. వంక పెట్టేవాళ్ళూ ఉన్నారు, వాళ్ళ మాటలో పస ఉంది. పెన్సిల్వేనియాలోనూ ఇలాంటి పట్టికే వచ్చాక, బాగా ముదిరిన రోగుల్ని తీసుకోవడానికి వెనకాడుతున్నామని 63 శాతం సర్జన్లు ఒక సర్వేలో చెప్పారు. పరీక్ష పెట్టి మార్కులు గోడకు అంటిస్తే, మొద్దు పిల్లల్ని చేర్చుకోని బడి లాంటిదే ఇదీనూ.

మరి రోగులు? పెన్సిల్వేనియాలోనే, అలాంటి పట్టిక ఉందని ఆపరేషన్‌కు ముందే తెలిసినవాళ్ళు 12 శాతమేనని మరో అధ్యయనం తేల్చింది. 2004లో మాజీ అధ్యక్షుడు బిల్ క్లింటన్ బైపాస్ చేయించుకున్న ఆస్పత్రిలో మరణాల రేటు న్యూయార్కు రాష్ట్ర సగటుకు దాదాపు రెట్టింపని పత్రికలు రాశాయి. ఆయన బతికి బట్టకట్టాడు, అది వేరే విషయం. నాకు తోచేది ఒకటే. ఈ అంకెల్ని రోగి చదవకపోయినా ఆస్పత్రి యజమాని చదువుతాడు, పక్క ఆస్పత్రివాడు చదివాడన్న బెంగతో ఇంకా శ్రద్ధగా చదువుతాడు. 2012 నుంచి లీప్‌ఫ్రాగ్ అనే సంస్థ ఆస్పత్రులకు ఎ నుంచి ఎఫ్ దాకా గ్రేడులిస్తోంది. ఎ వచ్చిన ఆస్పత్రి పెద్ద బ్యానరు కడుతుంది. సి వచ్చిందని కట్టినవాణ్ణి నేను చూడలేదు.

మన దగ్గర వైద్యం వినియోగదారుల చట్టం కిందికి వస్తుందని సుప్రీంకోర్టు 1995లోనే తేల్చింది. అది ప్రాణం మీదికి వచ్చాక వేసే కేసు. ముందే చూసుకోవడానికి ఏ సర్జన్ చేతిలో ఎందరు బాగుపడ్డారో చెప్పే ప్రభుత్వ పట్టిక, హైదరాబాదులోగానీ విజయవాడలోగానీ నా కంటపడలేదు. 2007 నుంచి ఆరోగ్యశ్రీ కింద ఆపరేషన్లకు డబ్బు కడుతున్నది ప్రభుత్వమే, ఎక్కడ ఎవరికి ఏం చేశారో తెలియకుండా బిల్లు చెల్లదు కదా. సమాచార హక్కు చట్టం 2005లోనే వచ్చింది. న్యూస్‌డే కోర్టులో అడిగింది కూడా అప్పటికే ప్రభుత్వం దగ్గరున్న కాగితాలనే.