నిద్రపుచ్చేది ఎవరు?

హిప్నాటిజం చరిత్రలో డాక్టర్లూ, వేదిక మీది ఆటగాళ్లూ ఒకరినొకరు చిన్నచూపు చూస్తూనే ఒకరి దగ్గర ఒకరు నేర్చుకున్నారు. ఎక్కువ నేర్చుకున్నది డాక్టర్లే.

1778లో వియన్నా వదిలి పారిస్ చేరిన వైద్యుడు మెస్మర్, ప్రాణుల్లో ఉండే అయస్కాంత శక్తితో రోగాలు కుదురుస్తానన్నాడు. 1784లో ఫ్రెంచి రాజు విచారణ సంఘం వేశాడు. ఫ్రాంక్లిన్, లావోయిజియే అందులో సభ్యులు. ఫ్రాంక్లిన్ తోటలో ఒక ఆప్రికాట్ చెట్టుకు మెస్మర్ శిష్యుడు శక్తి ఎక్కించాడు. పన్నెండేళ్ల కుర్రాడిని కళ్లకు గంతలు కట్టి తీసుకొస్తే, వాడు వేరే చెట్టు దగ్గర స్పృహ తప్పాడు! అంతా ఊహేనని సంఘం తేల్చేసింది. ఊహకు అంత బలమెలా వచ్చిందని మాత్రం అడగలేదు.

ఆ ప్రశ్నను పట్టుకున్నవాడు గోవాలో పుట్టిన క్రైస్తవ గురువు అబే ఫరియా. 1813 నుంచి పారిస్‌లో బహిరంగంగా, 'నిద్రపో' అన్న ఒక్క ఆజ్ఞతో మనుషుల్ని నిద్రపుచ్చేవాడు. అయినా శక్తి తనది కాదనీ, నిద్రపోయేవాడి మనసుదేననీ చెప్పాడు. వేదికెక్కి అంత నిజాయితీగా మాట్లాడినవాళ్లు అరుదు. పారిస్ నవ్వి ఊరుకుంది.

1841లో మాంచెస్టర్‌లో మెస్మర్ బాట పట్టిన లఫోంతేన్ ప్రదర్శనకు సర్జన్ జేమ్స్ బ్రెయిడ్ అనుమానంతోనే వెళ్లాడు. మూతపడ్డ రెప్పలు తెరవలేకపోతున్న మనిషిని చూసి ఆలోచనలో పడ్డాడు. ఇంట్లో భార్య చేత ఒకే వస్తువు మీద చూపు నిలిపించి చూశాడు. హిప్నాటిజం అన్న పేరును వాడుకలోకి తెచ్చినవాడు అతనే. తర్వాత డెన్మార్క్‌వాడైన హాన్సెన్ ప్రదర్శన చూసి, అప్పటికి విద్యార్థిగా ఉన్న ఫ్రాయిడ్ కూడా ఇందులో నిజముందని నమ్మాడు. బిగుసుకుపోయిన మనిషిని రెండు కుర్చీల మధ్య పడుకోబెట్టడం హాన్సెన్‌కు పేరు తెచ్చింది. ఆరోగ్యవంతులు చాలామంది మెలకువగా ఉండి కూడా కాసేపు అలా ఉండగలరు.

మరి వేదికెక్కిన పెద్దమనిషి కోడిలా కూయడమేమిటి? ఆటగాడు ముందే చిన్న పరీక్షలు పెట్టి, చెప్పింది ఇట్టే అందుకునేవాళ్లనే ఏరుకుంటాడు. వందల కళ్లు ఎదురుచూస్తుంటే కాదనడం కష్టం. పైగా తప్పు తనది కాదన్న వెసులుబాటు ఉంది. 1965లో పరిశోధకులు ఓర్న్, ఎవాన్స్ చేసిన ప్రయోగంలో హిప్నాటిజంలో ఉన్నవాళ్లలో చాలామంది ఎదుటి మనిషి మీద యాసిడ్ విసిరారు. ఆ స్థితిలో ఉన్నట్టు నటించినవాళ్లూ విసిరారు. ప్రయోగం చేసేవాళ్లు ఎవరికీ హాని జరగనివ్వరని వాళ్ల నమ్మకం.

ఆ నమ్మకం ప్రతిసారీ నిలవదు. 1948లో బ్రైటన్‌లో జరిగిన ఒక ప్రదర్శన వల్ల తన ఆరోగ్యం చెడిందని ఒక యువతి కోర్టుకెక్కింది. 1952లో బ్రిటన్ వేదిక హిప్నాటిజానికి స్థానిక అనుమతి తప్పనిసరి చేసి, 21 ఏళ్లలోపువాళ్ల మీద ప్రయోగాన్ని నిషేధించింది. ఆ చట్టం ఇప్పటికీ ఉంది. వయసు హద్దు మాత్రం 18కి దిగింది.