చెప్పు వాసన నుంచి ఆపరేషన్ బల్ల దాకా

మన ఒంటి చరిత్ర మనమే రాసుకోవాలని మొదలుపెట్టిన వరుసలో ఇది ఆరో భాగం. ఈసారి మూర్ఛ గురించి.

పోయిన మంగళవారం కాలేజీ నుంచి వస్తూ మియాపూర్ చౌరస్తాలో షేర్ ఆటో కోసం నిలబడ్డాను. పక్కనే హౌస్‌కీపింగ్ యూనిఫాంలో ఇరవై ఏళ్ల అమ్మాయి. ఉన్నట్టుండి ఆమె చూపు ఒకచోట ఆగిపోయింది. ఏదో నములుతున్నట్టు పెదాలు ఆడుతున్నాయి. చేయి చున్నీ అంచు పీకుతోంది. పిలిస్తే పలకడం లేదు. ఒకాయన "తాగినట్టుంది" అన్నాడు. ఇంకొకాయన తాళాల గుత్తి తీశాడు. మూడో ఆయన వంగి చెప్పు విప్పాడు.

నేను వద్దన్నాను. ఆమె రోడ్డు మీదికి నడవకుండా అడ్డం నిలబడి గడియారం చూశాను. నిమిషంన్నర. తర్వాత ఆమె నా వైపు చూసి "బస్సు పోయిందా సార్?" అంది. జరిగింది ఆమెకు తెలియదు. ఆ నిమిషంన్నరలో ఏం చేయాలో నాకు చెప్పింది పుస్తకం కాదు, మా అక్క.

ముందు ఆ చెప్పు సంగతి. ఫిట్స్ వచ్చిన మనిషికి తోలుచెప్పు వాసన చూపిస్తే తగ్గుతుందని మన ఊళ్లలో గట్టి నమ్మకం. ఫిట్ చాలాసార్లు రెండు మూడు నిమిషాల్లో తనంతట తానే ఆగుతుంది. పేరు చెప్పుకు దక్కుతుంది. కానీ చూడండి, ఆ చెప్పు మన తాతలు కుట్టింది. చెప్పు దొరవారి బిడ్డ ముక్కు దాకా పోవచ్చు. కుట్టినోడు మాత్రం గడప తొక్కొద్దు. మందుగా పనికొచ్చిన తోలు, మనిషిగా పనికిరాని మాదిగ. నమ్మకంలో కూడా కులం లెక్క తప్పలేదు.

పుస్తకాల భాషలో దీని పేరు అపస్మారం. స్మరణ పోవడం అని అర్థం. నటరాజ విగ్రహంలో పాదం కింద నలుగుతున్న మరుగుజ్జు పేరు కూడా అపస్మారుడే. వ్యాధికి ఒక పొట్టి రాక్షసుడి రూపమిచ్చి కాలికింద పెట్టారు. తొక్కబడ్డవాడి వైపు నుంచి ఆ శిల్పాన్ని చూడడం మనకు కొత్త కాదు గదా.

మా నాయిన 1990లలో సంగారెడ్డి వైపు నుంచి మియాపూర్ అడ్డా మీదికి కూలికొచ్చాడు. సైబర్ టవర్స్ 1998లో ప్రారంభమైంది. ఆ తర్వాత లేచిన భవనాల్లో కొన్నింటికి మా ఇంటి చెమట ఉంది. అక్క కూడా తట్ట మోసేది. కానీ పరంజి ఎక్కనిచ్చేవాళ్లు కాదు. పని మధ్యలో చూపు నిలిచిపోయేది, చీర కొంగు పీకేది. దానికి ముందు కడుపులోంచి ఏదో పైకి తన్నుకొచ్చినట్టు ఉంటుందని, ఎప్పుడో చూసిన చోటే మళ్లీ చూస్తున్నట్టు అనిపిస్తుందని చెప్పేది. "గాలి సోకింది బిడ్డా" అని అమ్మ తాయెత్తు కట్టించింది. ఒక మాట ఇక్కడ చెప్పాలి: పూనకాలన్నీ మూర్ఛలని నేననడం లేదు. మన ఆడవాళ్ల పూనకానికి వేరే చరిత్ర ఉంది. కానీ మూర్ఛను గాలి అంటే మాత్రం ఆ మనిషి పదేళ్లు నష్టపోతుంది.

అక్క చెప్పిన ఆ లక్షణాలు టెంపోరల్ లోబ్ మూర్ఛవి. చెవికి పైన, కణత లోపల ఉండే మెదడు భాగం అది. దాని లోతున హిప్పోకాంపస్ అనే చిన్న భాగం కొత్త జ్ఞాపకాలను నిలబెడుతుంది. పసితనంలో జ్వరంతో చాలాసేపు ఫిట్స్ వచ్చిన కొందరిలో అది తర్వాత మచ్చకట్టి కుంచించుకుపోయి కనిపిస్తుంది. ఆ మచ్చ చుట్టూ విద్యుత్తు దారి తప్పుతుంది. మనిషి కింద పడకపోవచ్చు, కొట్టుకోకపోవచ్చు. అందుకే జనం దీన్ని ఫిట్స్ అనుకోరు. పిచ్చి అంటారు, నటన అంటారు, తాగింది అంటారు.

ఇంకో అబద్ధం కూడా తేల్చుకుందాం. "పంది మాంసం తింటారు, అందుకే వీళ్లకు ఫిట్స్" అని మన పళ్లెం మీదికి నెట్టే మాట. మెదడులో బద్దెపురుగు తిత్తుల వల్ల మూర్ఛ రావడం మన దేశంలో నిజమే. కానీ అది పురుగు గుడ్లు నోట్లోకి పోతే వస్తుంది. ఆ గుడ్లు మనిషి మలంలోంచి నీళ్లకూ కూరగాయలకూ చేరతాయి. సరిగా ఉడకని పంది మాంసం తిన్నవాడికి పేగులో పురుగు పెరుగుతుంది. వాడి మలంలోని గుడ్లు శాకాహారి మెదడుకూ చేరొచ్చు. కాబట్టి అడగాల్సింది మరుగుదొడ్డి గురించి, మంచినీళ్ల గురించి.

అక్క పెళ్లి 2002లో అయింది. ఏడాది తిరక్కముందే పుట్టింట దింపేశారు. పెద్దమనుషుల పంచాయతీలో వాళ్ల తరఫు మనిషి ఒకే మాటన్నాడు: "ఫిట్స్ ఉంటే పెళ్లి చెల్లదని చట్టమే ఉంది." నాయిన తల వంచుకుని వేలిముద్ర వేశాడు. పీహెచ్‌డీ రోజుల్లో లైబ్రరీలో ఆ చట్టం వెతికాను. 1955 హిందూ వివాహ చట్టంలో మొదట మూర్ఛ మాట లేదు. 1976 సవరణ దాన్ని పిచ్చి పక్కన చేర్చింది. కులాంతర వివాహాలు చేసుకునేవాళ్లకు దిక్కైన ప్రత్యేక వివాహ చట్టంలో కూడా చేర్చింది. 1999లో పార్లమెంటు రెండింటిలోంచీ తీసేసింది. అంటే మా అక్క కాపురాన్ని కూల్చింది అప్పటికే చచ్చిన చట్టం. చట్టం పుట్టిన కబురు వాడకు వచ్చింది. చచ్చిన కబురు రాలేదు.

ఇక ఆపరేషన్ చరిత్ర. 1886లో లండన్‌లో విక్టర్ హార్స్‌లీ మూర్ఛకు మెదడు ఆపరేషన్లు చేశాడు. 1929లో హన్స్ బెర్గర్ మనిషి మెదడు తరంగాల నమోదును ప్రచురించాడు. మాంట్రియల్‌లో పెన్‌ఫీల్డ్ రోగి మెలకువగా ఉండగానే మెదడును తాకి, ఎక్కడ ఏముందో పటం గీశాడు. ఆయన దగ్గర శిక్షణ పొందిన జాకబ్ చాండీ 1949లో వేలూరు సీఎంసీలో న్యూరోసర్జరీ విభాగం మొదలుపెట్టి, 1952లో మూర్ఛకు ఆపరేషన్ చేశాడు. చిత్తూరు నుంచి అనంతపురం దాకా మనవాళ్లు "వేలూరు తీసుకుపోండి" అనే మాట వెనక ఇలాంటి చరిత్ర ఉంది.

దాని మరుసటి ఏడే, 1953లో, అమెరికాలోని హార్ట్‌ఫర్డ్‌లో సర్జన్ స్కోవిల్ 27 ఏళ్ల కార్మికుడికి రెండు వైపులా హిప్పోకాంపస్ తీసేశాడు. ఫిట్స్ బాగా తగ్గాయి. కానీ ఆ మనిషికి ఆ తర్వాత కొత్త జ్ఞాపకం నిలవలేదు. యాభై ఏళ్లకు పైగా శాస్త్రవేత్తలు అతన్ని పరీక్షించారు. వాళ్ల పత్రాల్లో అతను రెండక్షరాలు మాత్రమే: హెచ్.ఎం. హెన్రీ మొలైసన్ అనే పేరు 2008లో చనిపోయాకే లోకానికి తెలిసింది. ఈ రోజు ఒకవైపే తీస్తున్నారంటే, తీసేముందు రెండోవైపు బాగుందా అని చూస్తున్నారంటే, ఆ కార్మికుడు కట్టిన మూల్యమే కారణం.

ఆపరేషన్ నిజంగా పనిచేస్తుందా? 2001లో కెనడాలో 80 మంది మీద పరీక్షించారు. ఏడాది తర్వాత, ఆపరేషన్‌కు కేటాయించినవాళ్లలో 58 శాతం మందికి స్పృహ చెదిరే ఫిట్స్ లేవు. మందుల మీదే ఉంచినవాళ్లలో 8 శాతం. 2017లో ఢిల్లీ ఎయిమ్స్ 116 మంది పిల్లల మీద రకరకాల మూర్ఛ ఆపరేషన్లను పరీక్షించింది. 77 శాతం, 7 శాతం. ఈ రెండుచోట్లా మందుల వాళ్లు ఆపరేషన్ వెయిటింగ్ లిస్టులో ఉన్నవాళ్లే. మిత్రులారా, పేదవాడి చిరునామా ఎప్పుడూ ఆ లిస్టే.

తిరువనంతపురంలోని శ్రీచిత్ర సంస్థ 1995లో ఈ ఆపరేషన్లు మొదలుపెట్టి దేశానికి దారి చూపింది. హైదరాబాద్‌లోనూ ఇప్పుడు చేస్తున్నారు. మా అక్కకు 2013లో జరిగింది. అంతకుముందు కొన్ని రోజులు తలకు తీగలు అతికించి, కెమెరా ముందు పడుకోబెట్టి, ఫిట్ వచ్చేదాకా ఎదురుచూశారు. ఎంఆర్ఐలో ఎడమ హిప్పోకాంపస్ కుంచించుకుపోయి ఉంది. ఎడమవైపు అంటే చాలామందికి మాటల వైపు. అందుకని బొమ్మలు చూపించి పేర్లు అడిగారు. వీణ బొమ్మ చూపించారు. అక్క చెప్పలేకపోయింది. సున్నా వేశారు. "మేడమ్, డప్పు చూపించండి" అన్నాను. ఆవిడ కాసేపు ఆగి, నిజమేనని పరంజి, తాపీ, జల్లెడ అడిగారు. అక్క చకచకా చెప్పింది. తెలుగు పాఠం చెప్పేవాడిగా ఆ రోజు నాకర్థమైంది, ఎవరి తెలుగుతో కొలుస్తున్నామన్నది బడిలోనే కాదు, ఆసుపత్రిలో కూడా మనిషి తలరాత మారుస్తుందని.

ఆపరేషన్ తర్వాత మొదటి నెలలో ఒక్కసారి వచ్చింది. మళ్లీ రాలేదు. ఒక మాత్ర ఇంకా వేసుకుంటుంది. కొన్ని పేర్లు వెంటనే నోటికి రావు, "గదే, గది" అంటుంది. పోయిన కాపురం రాలేదు, పోయిన ఇరవై ఏళ్లు రాలేదు. కానీ ఇప్పుడు ఒంటరిగా బస్సెక్కుతుంది. పోయిన ఏడాది మా ఇంటి స్లాబు పడేటప్పుడు నిచ్చెన ఎక్కి పైనుంచి నన్ను పిలిచింది. నేను కిందే నిలబడి ఏడ్చాను.

గుర్తుపెట్టుకోండి. ఫిట్ వస్తే పక్కకు తిప్పి పడుకోబెట్టండి. నోట్లో ఏమీ పెట్టొద్దు. అయిదు నిమిషాలు దాటితే అంబులెన్స్ పిలవండి. సరైన మందులు రెండు, సరైన మోతాదులో వాడినా ఆగకపోతే, మూడో మందు దగ్గర ఏళ్లు గడపకుండా "ఆపరేషన్‌కు పనికొస్తానా?" అని న్యూరాలజిస్టును అడగండి. అందరికీ పనికిరాదు. కానీ అడిగే హక్కు అందరిదీ.

చౌరస్తాలో ఆ అమ్మాయికి ఆ ప్రశ్న ఒక కాగితం మీద రాసిచ్చాను. మీరూ మీ వాడలో ఒకరికి రాసివ్వండి.

జై భీమ్.