మహావీర్ హరిణ వనస్థలి జాతీయోద్యానము

మహావీర్ హరిణ వనస్థలి యనునది హైదరాబాదు నగరమునకుఁ దూర్పున, దిల్‌సుఖ్‌నగర్, ఎల్.బి. నగర్‌లను దాటి విజయవాడకుఁ బోవు రహదారి చెంత, వనస్థలిపురమున నెలకొన్న, కృష్ణజింకల సంరక్షణమే ప్రధానోద్దేశముగాఁ గల జాతీయోద్యానము. దీని వైశాల్యము 14.59 చదరపు కిలోమీటర్లు. పూర్వము నిజాము ప్రభువుల మృగయాభూమియై యుండిన యీ ప్రదేశము, వర్ధమాన మహావీరుని 2500వ నిర్వాణ వార్షికోత్సవమును పురస్కరించుకొని 1975లో ఆ యహింసామూర్తి నామముతో హరిణవనముగా నేర్పడినది. వేఁటకు నెలవైన నేలయే మృగములకు శరణ్యమగుట విశేషము. 1994లో దీనికి జాతీయోద్యాన ప్రతిపత్తి లభించెను.

కృష్ణజింకలలో మగదానికి మెలిదిరిగిన దీర్ఘశృంగములుండును. వయస్సు ముదిరినకొలఁది దాని వీఁపు నల్లనగును. ఆఁడుజింక లేతగోధుమ వన్నెది, సాధారణముగా శృంగరహిత. నిశితమైన చూపును, మిక్కిలి వేగమును నమ్ముకొని బ్రదుకు నీ జంతువు దట్టమైన యడవులలో నిలువఁజాలక విశాలములైన గడ్డిబయళ్ళనే యాశ్రయించును గావున, ఇచ్చటి పచ్చిక నేలలను సహజస్థితిలో నుంచుట వృక్షములను విరివిగా నాటుటకంటె ముఖ్యము. 1972 నాఁటి వన్యప్రాణి సంరక్షణ చట్టము కృష్ణజింకను ప్రథమానుసూచికలోఁ జేర్చినది.

చుక్కలదుప్పులు, అడవిపందులు, ముళ్ళపందులు, ఉడుములు, నెమళ్ళును; వేప, రేల, తుమ్మ, మోదుగ, చందన వృక్షములును ఇందుఁ గలవు.