గుమాస్తాగారి ఉయ్యాల

మొన్న వేసవి సెలవుల్లో మా అబ్బాయి ల్యాప్‌టాప్‌లో ఒక జపాను సినిమా పెట్టాడు. "నలుపూ తెలుపూ బొమ్మ, నువ్వు చూడలేవులే అమ్మా" అన్నాడు. పప్పు తిరగమోత పెట్టి, ఓ అయిదు నిమిషాలు చూద్దామని కూర్చున్నదాన్ని, అయ్యేదాకా లేవలేదు.

పేరు 'ఇకిరు'. 'బతకడం' అని అర్థం. కురొసావా 1952లో తీశాడు. వతనాబే అనే ఆయన ముప్ఫయ్యేళ్లుగా నగరపాలక కార్యాలయంలో కాగితాల మీద ముద్రలు వేస్తూ బతికేస్తుంటాడు. కడుపులో కాన్సరని తెలుస్తుంది. మురుగుగుంట పూడ్చి పిల్లలకు ఆటస్థలం కట్టించమని కొందరు తల్లులు అర్జీ పట్టుకుని సెక్షను సెక్షనూ తిరిగి అలిసిపోయి ఉంటారు. ఆ కాగితాన్ని ఈయన పైకి తీస్తాడు. కాళ్లావేళ్లా పడి పార్కు కట్టిస్తాడు. మంచు కురిసే రాత్రి ఆ పార్కు ఉయ్యాలలో ఊగుతూ, పాట పాడుకుంటూ వెళ్లిపోతాడు. సంతాపానికొచ్చిన పెద్దలు ఘనతంతా తమదేనంటున్నప్పుడు ఆ తల్లులు వచ్చి, పటం ముందు కూర్చుని ఏడుస్తారు. ఇక్కడ నేనూ ఏడ్చాను.

వతనాబేగా వేసినాయన తకాషి షిమురా. అందగాడేం కాదు. లావుపాటి పెదవులు, దిగులు కళ్లు. 1905లో ఇకునో అనే గనుల ఊళ్లో పుట్టాడు. పగలు ఒసాకా నగర నీటి సరఫరా శాఖలో ఉద్యోగం, రాత్రి కాలేజీలో ఇంగ్లీషు సాహిత్యం. మధ్యలో నాటకాల పిచ్చి పట్టుకుంది. రిహార్సళ్ల కోసం ఆఫీసు ఎగ్గొట్టి, చివరికి ఉన్న ఉద్యోగం ఊడగొట్టుకున్నాడు. అలాంటి మనిషి కుర్చీ వదలని గుమాస్తాగా చిరకాలం నిలిచిపోయాడు, చూశారా!

కురొసావా తీసినవి ముప్ఫై సినిమాలైతే, వాటిలో ఇరవయ్యొక్కటిలో షిమురా ఉన్నాడు. 'రాషోమోన్'లో (1950) కట్టెలు కొట్టేవాడు ఆయనే. 1954 ఒక్క ఏడాదిలోనే 'సెవెన్ సమురాయ్'లో తల గొరిగించుకుని పసివాణ్ణి కాపాడిన పెద్ద వీరుడూ, 'గాడ్జిల్లా'లో శాస్త్రవేత్తా కూడా ఆయనే. 1980లో 'కాగెముషా'లో చిన్న వేషం వేసి, 1982లో కన్నుమూశాడు.

ఇదంతా చదువుతుంటే మా నాన్నగారు గుర్తొచ్చారు. ఆయనదీ మునిసిపాలిటీ కొలువే. పెళ్లయిన కొత్తలో పరిషత్తు నాటకాలు వేసేవారు. సెలవు చీటీలు ఎక్కువయ్యాయని పైవాళ్లు గట్టిగా అనడం, "పిల్లల మొహం చూడండి" అని అమ్మ కన్నీళ్లు పెట్టుకోవడం, రెండూ ఒక్క నెలలోనే జరిగాయట. రంగుల పెట్టె అటకెక్కింది. ఆ జీతంతోనే నేను బి.ఏ. చదివాను. ఆ పెట్టె గురించి నేనెప్పుడూ అడగలేదు. అడగాలని తోచనే లేదు.

పోయిన వారం పుట్టింటికి వెళ్లి నాన్నగారికి ఆ సినిమా చూపించాను. కదలకుండా చూశారు. అయ్యాక, "అప్పటికి ఆయన వయసెంత?" అన్నారు.

"నలభై ఏడు నాన్నా."

"నలభై ఏడా! మొహాన రంగు వేసుకున్నట్టే లేదే. ఆ నడుం వంచడం చూశావా, ఎంత సాధన చేసుంటాడో!"

అంతసేపూ నేను గుమాస్తాని చూశాను. నాన్నగారు మాత్రం నటుణ్ణి చూశారు.

"నాన్నా, ఆ పెట్టె ఇంకా ఉందా?" అన్నాను.

ఆయన జవాబు చెప్పలేదు. అటకకేసి చూసి, "నిచ్చెన పట్టుకోవే అమ్మాయ్" అన్నారు.